మాట అందించే మనిషి

లీలాకుమారి చార్టులో ఒక మాట రాసి కింద సంతకం పెట్టిందంటే దానికి తిరుగుండదని మస్కట్‌లో బౌషర్ అనే పేటలోని ఆ ప్రైవేటు ఆసుపత్రిలో అందరికీ తెలుసు. ఇరవై రెండేళ్ళ సర్వీసులో ఆవిడ రాసింది తప్పని ఒక్క డాక్టరూ కొట్టెయ్యలేదు. ఆ సంగతి ఆవిడకీ తెలుసు. తెలుసన్న సంగతి ఆవిడ నడకలోనే కనపడుతుంది. అలాంటి మనిషిని, పన్నెండో నంబరు రూములో మంచం మీద పడుకున్న డెబ్బై తొమ్మిదేళ్ళ ముసలాయన మూడు రోజులపాటు నిక్షేపంగా బోల్తా కొట్టించాడు.

ముసలాయన పేరు ఒతకార్ మెలిఖర్. చెక్ దేశపు నటుడు. ప్రాగ్ నుంచి అయిదుగురు మనుషుల చిన్న నాటక బృందం మస్కట్‌లో ఒకే ఒక్క ప్రదర్శన ఇవ్వడానికి వచ్చింది. గురువారం సాయంత్రం ఏడు గంటలకి. ఆ నాటకంలో గంటంపావు సేపు స్టేజీ మీద ఉండేది ఈయన ఒక్కడే. వారం ముందే దిగారు, ఎండకి అలవాటు పడదామని. దిగిన మర్నాడే, శుక్రవారం, మత్రాలో సముద్రం ఒడ్డున నడుస్తూ నడుస్తూ కుడిచెయ్యి లాగేసి, మాట ముద్దయిపోయి కూలబడ్డాడు. చిన్న స్ట్రోకు. రెండు గంటల్లో చెయ్యి మామూలైంది, మాట తిరిగొచ్చింది, స్కానులో భయపడేంత ఏమీ కనపడలేదు. డాక్టర్ ఉమర్ మాత్రం నాలుగు రోజులు ఉంచి చూద్దామన్నారు. రోజుకొకసారి జ్ఞాపకశక్తి పరీక్ష పెట్టమని లీలాకుమారికి అప్పగించారు.

బృందానికి పెద్ద హానా అనే ఆవిడ. ఒకప్పుడు మెలిఖర్ దగ్గరే నటన నేర్చుకున్న మనిషి. ఆవిడ ఆసుపత్రికి ఒకటే చెప్పింది. ఆయన నాటకం ఆడగలడని మీరు కాగితం మీద రాసిస్తే ఆడతాం, లేదంటే సామాను సర్దుకుని వెళ్ళిపోతాం. వెళ్ళిపోతే ఇంక ఈ వయసులో ఆయన్ని స్టేజీ ఎక్కించే ధైర్యం ఎవరికీ ఉండదని కూడా చెప్పింది. అంటే ముసలాయన ఇంకోసారి స్టేజీ మీద నిలబడడం, నిలబడకపోవడం లీలాకుమారి చేతిలో అట్టకి పెట్టిన ఆ పరీక్ష కాగితం మీద ఉందన్నమాట.

పరీక్ష పెద్దదేం కాదు. ఈ రోజేం వారం, మీరెక్కడున్నారు, వందలోంచి ఏడు తీసేస్తే ఎంత, ఇలాంటివి. తర్వాత అయిదు మాటలు చెప్పి, కాసేపాగి వాటిని తిరిగి చెప్పమనాలి. శనివారం పొద్దున్న మొదటిసారి వెళ్ళినప్పుడు ముసలాయన ఒంట్లో నలతగా ఉందన్నాడు, మధ్యాహ్నం రమ్మన్నాడు. ఇంతలో పక్క రూములో ఎవరికో ఊపిరాడడం లేదని గంట మోగింది. లీలాకుమారి ఆ అట్టని ఆయన మంచం మీదే పడేసి పరుగెత్తింది. మధ్యాహ్నం మూడింటికి వచ్చేసరికి ఆయన దిళ్ళకి ఆనుకుని రాజుగారిలా కూర్చుని ఉన్నాడు. అడిగినవన్నీ టకటకా చెప్పాడు. ఆదివారం అంతే, సోమవారం అంతే. జ్ఞాపకశక్తి బాగుంది, సంతకం. జ్ఞాపకశక్తి బాగుంది, సంతకం. జ్ఞాపకశక్తి బాగుంది, సంతకం.

మంగళవారం నాటికి ఆ కాగితాలు అయిపోయాయి. సహాయానికుండే ముస్కాన్ కింద వార్డు నుంచి వేరే రకం కాగితం తెచ్చింది. ప్రశ్నలు దాదాపు అవే, వరస మాత్రం వేరు. అయిదు మాటలు కూడా వేరు. లీలాకుమారి కళ్ళజోడు సర్దుకుని మొదటి ప్రశ్న అడిగింది, ఇది ఏ ఊరండీ అని.

"మంగళవారం," అన్నాడు మెలిఖర్ ఠీవిగా.

ఆవిడ తలెత్తి చూసింది. ఆయన బొటనవేలు చూపుడువేలి మీద దారం పేనుతున్నట్టు తిరుగుతోంది. రెండో ప్రశ్న వేసింది, వందలోంచి ఏడు తీసేస్తే ఎంతని. బౌషర్, మస్కట్ అన్నాడు. అయిదు కొత్త మాటలు చెప్పి, అయిదు నిమిషాలాగి తిరిగి అడిగితే, ఒక్క క్షణం తడుముకోకుండా, కంచు గొంతుతో, పాత కాగితంలోని మాటలు వరసగా అప్పజెప్పాడు. ఆపిల్, రివర్, చైర్, సాల్ట్, ఎలిఫెంట్.

అప్పుడు గానీ లీలాకుమారికి వెలగలేదు. ఆయన ప్రశ్నలకి జవాబులు చెప్పడం లేదు. పరీక్షని పాత్రలాగా బట్టీపట్టి అప్పజెబుతున్నాడు. ముస్కాన్ని పిలిచి గట్టిగా అడిగితే ఆ పిల్ల నీళ్ళు నమిలి ఒప్పేసుకుంది. శనివారం మధ్యాహ్నందాకా తాతగారు ఆ కాగితం తనచేత చదివించుకుని వందసార్లో నూటయాభైసార్లో వల్లెవేశాడట. ఏం వారమో మాత్రం రోజూ పొద్దున్న తన దగ్గర కనుక్కునేవాడట. ఇంగ్లీషు నేర్చుకుంటున్నాడనుకుందట పాపం.

లీలాకుమారికి ఒళ్ళు మండింది. తను అట్ట వదిలెయ్యడం, ఆయన ఎత్తుకోవడం, తను మూడు సంతకాలు పెట్టడం. ఇరవై రెండేళ్ళ పేరు మూడు రోజుల్లో గంగలో కలిసింది. తలుపు వేసి, కుర్చీ లాక్కుని మంచం పక్కన కూర్చుంది. నాకు తెలిసిపోయిందండీ అంది. ఆయన ఇంగ్లీషు అంతంతమాత్రమే అయినా ఆ ముక్క అర్థం కావడానికి భాష అక్కర్లేకపోయింది. వేలు తిప్పడం ఆపేశాడు. తర్వాత ముప్పావుగంటసేపు ముక్కలు ముక్కలుగా, చేతులతో, కళ్ళతో, తన బతుకంతా చెప్పుకొచ్చాడు.

చెప్పుల ఫ్యాక్టరీలో తోలు కోసే కార్మికుడి కొడుకు. ఆరేళ్ళప్పుడు ఊళ్ళోకి బొమ్మలాట వస్తే, బొమ్మలు మాట్లాడుతుంటే అందరూ బొమ్మల్ని చూశారు, ఈయన మాత్రం డేరా కిందనుంచి దూరి ఎవరు మాట్లాడుతున్నారో చూశాడట. ఇరవై మూడేళ్ళకి పెద్ద నాటకశాలలో కథానాయకుడు. మరుసటేడు మొదటి సినిమా. నాటకమయ్యాక వెనక సందులో ఆడపిల్లలు వరసకట్టి నిలబడేవారట. ఆ ముక్క చెప్పేటప్పుడు మీసం లేని మూతి దువ్వుకున్నాడు కూడా. ఇంతలో దేశంలోకి పరాయి సైన్యం టాంకులేసుకుని వచ్చింది. ఆ టాంకులు రావడం మంచిదేనని ఒక కాగితం మీద సంతకం పెట్టమన్నారు. పెట్టలేదు. అంతే, మరుసటి వారం నుంచి స్టేజీ లేదు, సినిమా లేదు. తీసిన సినిమాల్లోంచి పేరు కూడా చెరిపేశారు. బ్ర్నో అనే ఊళ్ళో ఒక ఆసుపత్రి నేలమాళిగలో బాయిలరు దగ్గర బొగ్గు వేసే పని దొరికింది. ఎనిమిదేళ్ళు చేశాడు.

ఆ ఎనిమిదేళ్ళూ ఆయన చేసిన పని ఇంకోటుంది. తనకొచ్చిన పదిహేడు పాత్రల్నీ బాయిలరుకి వినిపించేవాడు. సోమవారం ఒక నాటకం, మంగళవారం ఒక నాటకం. నా దగ్గర అన్నీ తీసేసుకున్నారు, ఇది ఒక్కటీ తీసుకోలేకపోయారు అని వేలితో కణత తట్టి చూపించాడు. వేడినీళ్ళకి వచ్చే ఒక ముసలి నర్సు బకెట్టు బోర్లించి దానిమీద కూర్చుని వినేదట. తర్వాత ఇంకో పన్నెండేళ్ళు ఏవో చిన్నాచితకా పనులు చేశాక కాలం మారింది. నలభై నాలుగేళ్ళకి మళ్ళీ వెలుగులోకొచ్చాడు. పిల్లల సినిమాల్లో రాజు, మిగతా సినిమాల్లో లంచగొండి జడ్జీ, తాగుబోతు రైల్వే గార్డు, అన్నీ కలిపి అరవై సినిమాలు. కూరగాయల బజారుకి వెళితే పిల్లలు రాజుగారూ అని పిలుస్తారట. భార్య పోయింది. చెవులు మందగించాయి. ఇప్పుడు, పోయిన చలికాలం నుంచి, ఎవరూ తీసుకోలేకపోయినది తనంతట తనే పోతోంది. కొత్త మాట నిలవదు. పాతవి ఉన్నాయి గానీ అక్కడక్కడా చిల్లులు. ఈ నాటకంలో మూడుచోట్ల. హానాకి తెలియదు.

"నిన్నటిలాగే రాయండి," అన్నాడు మెలిఖర్. "గురువారం ఒక్కటే. తర్వాత మీరేం రాసినా ఒప్పుకుంటాను."

"రాయనండి," అంది లీలాకుమారి. "మూడుసార్లు తెలియక రాశాను. తెలిసి అబద్ధం రాయను."

ఆయన గోడవైపు తిరిగి పడుకున్నాడు. ఆ వీపు చూస్తే లీలాకుమారికి కోపం కాస్తా జారిపోయింది. సంతకం పెట్టనన్నందుకు ఎనిమిదేళ్ళు బొగ్గు మోసిన మనిషిని, సంతకం పెట్టనని తను పడగొడుతోంది. అయినా నిజం నిజమే. కాకపోతే నిజాన్ని సగంలో ఆపెయ్యడం ఆవిడకి చిన్నప్పటి నుంచీ అలవాటు లేదు. వెళ్ళబోతూ వెనక్కి తిరిగి, మీ నాటకాల్లో మాట అందించే మనిషి ఉండరా అని అడిగింది.

ఆ ప్రశ్న ఊరికే రాలేదు. లీలాకుమారిది నర్సాపురం. భర్త ఇమ్మానియేలు అల్ మవాలేలో ఒక ట్రేడింగ్ కంపెనీలో స్టోర్ కీపరు. శుక్రవారాలు కూడుకునే తెలుగు సంఘంలో ఏటా క్రిస్మస్‌కి నాటకం వేస్తారు. వేసేవాళ్ళందరూ డ్యూటీల వాళ్ళే. యోసేపు ఖబూరా నుంచి రావాలి, గొల్లలు ఇద్దరూ సైట్‌లో ఉంటారు, మరియమ్మకి నైట్ షిఫ్టు. రిహార్సల్ అనేది ఎవడూ ఎరగడు. అందుకని పంతొమ్మిదేళ్ళుగా పక్క తెర వెనక లీలాకుమారి నిలబడి అందరి మాటలూ తనే అందిస్తుంది, వాళ్ళు అందుకుని పలుకుతారు. ఇమ్మానియేలు పంతొమ్మిదేళ్ళుగా హేరోదు రాజు, ఇప్పటిదాకా ఒక్క వాక్యం నోటికి రాదు. పైగా చప్పట్లన్నీ ఆయనకే.

మెలిఖర్ మెల్లిగా ఇటు తిరిగాడు. ఉండేవారన్నాడు. స్టేజీ కింద గూటిలో ఒక ఆవిడ ముప్పయ్యేళ్ళు కూర్చుంది. ఇప్పటి కుర్రాళ్ళు ఆ గూడు మూసేశారు. చెవిలో పెట్టుకునే యంత్రం ఇచ్చారు గానీ అది తన వినికిడి యంత్రంతో కొట్లాడి కీచుమంటుంది. పక్క తెర వెనక నుంచి మనిషి చెబితే మాత్రం, గొంతు స్పష్టంగా ఉంటే, వినపడుతుంది. మొదటి రెండు మాటలు చెవిన పడితే చాలు, మిగతాది దానంతటదే వస్తుంది.

లీలాకుమారి డాక్టర్ ఉమర్ దగ్గరికి వెళ్ళి తన మూడు సంతకాలూ తప్పేనని ముందు చెప్పేసింది. తర్వాత కొత్త కాగితం మీద రాసింది. కొత్త మాటలు నిలవడం లేదు. పాతవి ఉన్నాయి. మొదటి మాట అందిస్తే మిగతావి వస్తాయి. పక్కన అందించే మనిషి ఉంటే పని చేసుకోగలరు. డాక్టర్ చదివి, గుండే రక్తపోటూ సరిగ్గానే ఉన్నాయి కాబట్టి గంటంపావు నిలబడడానికి తన అభ్యంతరం లేదన్నారు, కింద తనూ సంతకం పెట్టారు. హానా ఆ కాగితం చదివి ముందు గురువు గారి సంగతికి ఏడ్చింది. తర్వాత, మస్కట్‌లో ఎల్లుండి సాయంత్రానికి మా భాష వచ్చిన మనిషిని ఎక్కణ్ణించి తెమ్మంటారు, మా వాళ్ళు ముగ్గురూ లైట్ల దగ్గరా శబ్దం దగ్గరా ఉండాలి, నేను కంప్యూటరు మీంచి కళ్ళు తిప్పకుండా తెర మీద ఇంగ్లీషు తర్జుమా వెయ్యాలి అంది.

"నేనున్నానుగా," అంది లీలాకుమారి.

డాక్టర్ కూడా నవ్వారు. లీలాకుమారి నవ్వలేదు. బ్యాగులోంచి పాటల పుస్తకం తీసి బల్ల మీద పెట్టింది. మస్కట్‌లో అన్ని భాషల సంఘాలూ కలిసి పాడే రోజుల కోసం తెలుగువాళ్ళు ప్రతి ఇంట్లో రాసుకునే పుస్తకమే అది. మలయాళం పాటలు, తమిళం పాటలు, హిందీ పాటలు, రెండు అరబ్బీ పాటలు, అన్నీ తెలుగు అక్షరాల్లో. అర్థం తెలియకపోయినా సరే, పక్కన పాడే మలయాళీ నర్సు కూడా మన అమ్మాయేననుకునేలా పాడతారు. అరబ్బీయే రాసినదాన్ని, మీ భాష ఒక లెక్కా అంది. అతిశయమే. కానీ ఆ అతిశయం ఆవిడకి నప్పుతుంది.

ఇంట్లో ఇమ్మానియేలు మాత్రం అన్నం ముందు కూర్చుని నోరెళ్ళబెట్టాడు. "ఆ బాసలో మంచినీళ్ళు అడగటం కూడా రాదు కదే నీకు," అన్నాడు.

"నువ్వు హేరోదు కట్టినప్పుడు నీకు తెలుగొచ్చినట్టుందేటి," అంది లీలాకుమారి. ఆయన పప్పు కలుపుకున్నాడు.

బుధవారం ముసలాయన్ని డిశ్చార్జి చేశారు. డ్యూటీ అవగానే ఆవిడ హోటలుకి వెళ్ళింది. గురువారం సెలవు పెట్టింది. నాటకం కథ హానా చెప్పింది. ఒక నది, దానిమీద ముసలి పడవవాడు, కొత్తగా కట్టిన వంతెన. వంతెన తెరిచిన రోజున, ఇంకెవరూ రారని తెలిసి కూడా వాడు రేవులో పడవ దగ్గరే ఉండి, ఇన్నేళ్ళూ తను దాటించిన మనుషులందరితోనూ మాట్లాడుకుంటాడు. లీలాకుమారికి ఇంక అర్థం కాకపోవడానికి ఏముంది. పంటు పడవ మీద గోదావరి దాటి అవతలి ఊళ్ళో నర్సింగు చదివిన మనిషి. ఆ పంటు నడిపే మనిషి ముఖం ఇప్పటికీ గుర్తే.

మెలిఖర్ చెబుతుంటే తెలుగు అక్షరాల్లో రాసుకుంది. నాటకమంతా కాదు, ఎక్కడెక్కడ ఊపిరి తీసి కొత్త మాట ఎత్తుకుంటాడో అక్కడి మొదటి మూడు మాటలు. నలభై మూడుచోట్లు తేలాయి. కొన్ని శబ్దాలకి తెలుగులో అక్షరమే లేదు. అక్కడ ఒక చుక్క పెట్టుకుని, నాలిక ఎక్కడ తగలాలో ఆయన నోరు చూసి నేర్చుకుంది. ఆయన ఒకటే జాగ్రత్త చెప్పాడు. గూటిలోని ఆవిడ ముప్పయ్యేళ్ళలో ఒక్కసారే తప్పు చేసిందట. ఆయన కావాలని ఆగిన చోట, మర్చిపోయాడనుకుని మాట అందించింది. హాలంతా వినపడింది. ఆ రాత్రి నాటకం అక్కడే చచ్చిపోయింది. మర్చిపోయినప్పుడు ఇవ్వకపోతే నేనేదో ఒకటి కల్పించి గట్టెక్కుతాను, ఆగినప్పుడు మాత్రం ఇవ్వకండి అని చేతులు జోడించి చూపించాడు.

ఆ రెంటికీ తేడా ఎలా తెలుస్తుందని లీలాకుమారి అడగలేదు. ఆవిడకి అప్పటికే తెలుసు. పరీక్షప్పుడు చూసిన బొటనవేలు. మాట దొరకనప్పుడు ఆ వేలు దారం పేనుతుంది. రిహార్సల్‌లో నాలుగుసార్లు పేనింది, నాలుగుసార్లు అందించింది, నాలుగుసార్లూ ఆయన టక్కున అందుకున్నాడు. మనిషి ముఖం అబద్ధమాడుతుంది గానీ వేళ్ళు ఆడవని నర్సుకి వేరే చెప్పాలా. ఆయనకి మాత్రం ఈ సంగతి చెప్పలేదు. చెబితే వేలిని కూడా నటింపజేస్తాడు, అసలే ఘటికుడు.

గురువారం సాయంత్రం ఆడిటోరియం నిండింది. మస్కట్‌లో ఉన్న చెక్ వాళ్ళు ముప్పై నలభైమంది ఉంటే గొప్ప. మిగతావాళ్ళు ఒమానీలు, ఇంగ్లీషు వాళ్ళు, మనవాళ్ళు. వెనక వరసలో డాక్టర్ ఉమర్. ఆ పక్కన డ్యూటీ నుంచి సరాసరి వచ్చిన ఇమ్మానియేలు, తనే స్టేజీ ఎక్కుతున్నంత కంగారుగా. లీలాకుమారి కుడివైపు పక్క తెర వెనక ముక్కాలిపీట మీద కూర్చుంది. ఒళ్ళో పుస్తకం, చేతిలో చిన్న లైటు. ఆవిడ పక్కనే కంప్యూటరు ముందు హానా.

దీపాలు వెలిగాయి. మెలిఖర్ పడవ అంచు మీద కూర్చుని, తడి లేని నీళ్ళలో చెయ్యి పెట్టి తీశాడు. ఆ చేతినుంచి నీళ్ళు కారడం లీలాకుమారికి కనపడింది. ఇంక చెప్పేదేముంది. ఆసుపత్రి మంచం మీద ముడుచుకుపడుకున్న మనిషేనా అనిపించింది. ఒక్కొక్క ప్రయాణికుడినీ చెయ్యిచ్చి ఎక్కిస్తున్నాడు. పెళ్ళివారు, దొంగ, నెలలు నిండిన మనిషి, పారిపోతున్న సైనికుడు. ఎవరూ లేరు, అందరూ ఉన్నారు. ఇరవయ్యో నిమిషంలో వేలు తిరిగింది. ఆవిడ అందించింది, ఆయన అందుకున్నాడు. ముందు వరసవాళ్ళకి కూడా తెలియలేదు. నలభయ్యో నిమిషంలో మళ్ళీ. ఆయన తెడ్డు మార్చుకునే వంకతో ఇటు జరిగి అందుకున్నాడు. గంట దగ్గర మూడోసారి. మూడు చిల్లులూ దాటేశాం, గట్టెక్కినట్టే అనుకుంది లీలాకుమారి.

చివరికొచ్చింది. పొద్దు వాలింది. వంతెన మీద బళ్ళ చప్పుడు. పడవవాడు పడవని గుంజకి కట్టేసి లేచి నిలబడి, అవతలి ఒడ్డుకేసి చూసి చివరి మాట చెప్పాలి. ఎవరైనా పిలిస్తే వస్తాను. అంతే నాటకం. తెలుగు అక్షరాల్లో ఆవిడ పుస్తకంలో ఉంది, గ్దిష్ న్యెగ్దో అని మొదలవుతుంది. మెలిఖర్ పడవ కట్టేశాడు. నిలబడ్డాడు. మాట్లాడలేదు.

హాలు నిశ్శబ్దంగా ఉంది. రిహార్సల్‌లో ఇక్కడ ఎప్పుడూ ఆగలేదు. ఒక గుక్క, రెండు గుక్కలు. హానా మోచేత్తో పొడిచింది. లీలాకుమారి ఆయన చేతికేసి చూసింది. వేలు కదలడం లేదు. చెయ్యి పక్కన ప్రశాంతంగా వేలాడుతోంది. మెలిఖర్ మెల్లిగా తల తిప్పి పక్క తెరకేసి చూశాడు. హానా ఈసారి గట్టిగా పొడిచి, ఇవ్వు, ఇవ్వు అని పెదాలతో అంది.  అయినా వేళ్ళు అబద్ధమాడవు. ఆయన ఆగాడు, మర్చిపోలేదు. ఆవిడ లైటు ఆర్పకుండా, ఆయనకి కనపడేలా పుస్తకం మూసేసి, చేతులు కట్టుకుని కూర్చుంది.

మెలిఖర్ ఆవిడకేసి చాలాసేపు చూశాడు. తర్వాత అవతలి ఒడ్డుకేసి తిరిగాడు. భుజాలు కిందికి దిగాయి. ఒక మనిషి తన బతుకంతా తిరిగి చూసుకున్నట్టుంది ఆ తిరగడం. ఎక్కడో ఒకావిడ వెక్కింది. అప్పుడన్నాడు చివరి మాట, చాలా మామూలుగా, పొరుగింటివాళ్ళతో అన్నట్టు. దీపాలు ఆరిపోయాయి. చప్పట్లు ఎంతసేపటికీ ఆగలేదు. హానా లీలాకుమారిని వాటేసుకుని ఏడ్చింది. ఇమ్మానియేలు అయితే పక్కవాడికి మా ఆవిడే, మా ఆవిడే అని ఒక్కో చప్పట్టుకీ ఒక్కోసారి చెప్పాడట. ఆ చివరి మౌనం గురించే బయట అందరూ మాట్లాడుకున్నారు. లీలాకుమారి ఇంటికెళ్ళాక కూడా దాని గురించే మాట్లాడింది. వేలి సంగతి భర్తకి మూడుసార్లు చెప్పింది.

శనివారం మధ్యాహ్నం వాళ్ళ విమానం. పొద్దున్న మెలిఖర్ ఆఖరి పరీక్షకి ఆసుపత్రికి వచ్చి, పాత రూములోనే మంచం మీద కూర్చున్నాడు. లీలాకుమారి కొత్త కాగితం తీసి, ఈసారి అట్ట గట్టిగా పట్టుకునే కూర్చుంది. ఏం వారమో తెలియదన్నాడు, నిర్భయంగా. ఊరు చెప్పాడు. అయిదు మాటలు చెప్పింది. బ్రెడ్, మిర్రర్, గార్డెన్, కాయిన్, ట్రైన్. కాసేపాగి అడిగింది.

బ్రెడ్ అన్నాడు. ట్రైన్ అన్నాడు. ఆ రెండూ వెతుక్కునేటప్పుడు బొటనవేలు దారం పేనింది. తర్వాత వేలు ఆగిపోయింది. చెయ్యి దుప్పటి మీద ప్రశాంతంగా ఉంది. ఆయన కళ్ళు ఆవిడ మీదే ఉన్నాయి, వాటి వెనక ఏమీ లేదు.

లీలాకుమారి పెన్ను ఆగిపోయింది. మొన్న స్టేజీ మీద చూసిన చెయ్యి ఇదే. వేలు తిరుగుతోందంటే మాట ఎక్కడో ఉంది, దారిలో ఉంది. వేలు ఆగిందంటే అసలు లేదు. ఆ వేలిని తను తిరగేసి చదివింది.

"సార్," అంది మెల్లిగా. "మొన్న చివర్లో మీరు ఆగారా, మర్చిపోయారా?"

ముసలాయన చాలాసేపు నవ్వాడు. నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకున్నాడు.

"ఏమీ లేదు," అన్నాడు. "నది లేదు, పడవ లేదు. నా పేరడిగినా చెప్పలేకపోయేవాణ్ణి. మీకేసి చూశాను. మీరు పుస్తకం మూసేసి చేతులు కట్టుకుని కూర్చున్నారు. ఈవిడ ఇంత ధీమాగా కూర్చుందంటే నేను కావాలనే ఆగి ఉంటాను అనుకున్నాను. సరే, కావాలని ఆగినవాడిలాగే నిలబడ్డాను. నిలబడితే వచ్చింది."

లీలాకుమారికి ముచ్చెమటలు పోశాయి. అరవై ఏళ్ళ నటుడి బతుకుని తను ఒక తప్పుడు లెక్క మీద నిలబెట్టి, పైగా చేతులు కట్టుకుని కూర్చుంది.  నేను పొరపాటు పడ్డానండి అంది. ఆ మాట ఈ ఆసుపత్రిలో వారంలో రెండోసారి అనడం.

"పొరపాటే," అన్నాడు మెలిఖర్. "కానీ అంత గట్టిగా పొరపాటు పడే మనిషి నాకు ఇన్నేళ్ళలో ఒక్కరూ దొరకలేదు. దొరికుంటే నేను ఇంకా పెద్ద నటుణ్ణయ్యేవాణ్ణి."

నవ్వు తగ్గాక ఆయన మళ్ళీ చెయ్యి దుప్పటి మీద పెట్టుకుని, మూడో మాట కోసం ఆవిడకేసి చూస్తూ కూర్చున్నాడు. సిగ్గు పడలేదు, దాచుకోలేదు, గోడవైపు తిరగలేదు. పరీక్షలో మాట అందించకూడదని నియమం. ఆ నియమం లీలాకుమారే కొత్తగా వచ్చే నర్సులందరికీ నేర్పుతుంది. ఆవిడ కళ్ళజోడు తీసి, ముందుకి వంగి, పక్క తెర వెనకనుంచి అన్నట్టు మెల్లిగా, "గా..." అంది.

"గార్డెన్," అన్నాడు మెలిఖర్.

మిగతా రెండూ అలాగే అందుకున్నాడు. లీలాకుమారి పెన్ను తీసుకుని, సొంతంగా రెండు, అందిస్తే అయిదూ అని రాసింది. అందించినవి లెక్కలోకి రావని డాక్టర్ ఉమర్ అంటారని ఆవిడకి తెలుసు. కింద సంతకం పెట్టింది. దానికి తిరుగు లేదు.